వెనక్కి నడుస్తూ తీసిన వీడియో

పోయిన నెలలో ఒక ఆదివారం, ఆరాధన నుంచి వచ్చి ఇంకా చొక్కా గుండీలు కూడా విప్పకముందే, మా మనవరాలు ఫోను తెచ్చి నా మొహానికి ఆనించినంత దగ్గరగా పెట్టి, తాతా ఇది నువ్వు తీసిందేనా అని అడిగింది. కళ్లజోడు సవరించుకుని చూద్దును కదా, మూతపడ్డ జిన్నింగు మిల్లు, నల్ల నాపరాళ్ల నేల, ఆ నేల మీద సున్నంతో వేసిన ఆడవాళ్ల మొహాలు, చెదిరిపోయిన ఆ మొహాల మీదుగా నవ్వుకుంటూ నడిచొస్తున్న తెల్లబట్టల పెద్దమనిషి, వెనకాల వినిపించే వీణ.  

గుంటూరులో బొమ్మల చదువు చదువుతోంది మా మనవరాలు. వాళ్ల లెక్చరరు క్లాసులో పెద్ద తెర మీద ఈ వీడియో వేసి, మిల్లు యజమాని కూలివాళ్ల మొహాలు తొక్కుకుంటూ రావడం ఆ చిత్రకారిణి ముందే అనుకుని చేయించిన పని అనీ, వెనక్కి నడిచే కెమెరా కూడా అందులో భాగమేననీ, ఇంత లోతైన ఆలోచన మన జిల్లాలో పుట్టడం గొప్పనీ చెప్పాడట. చివర్లో నా పేరు పడితే మనవరాలు లేచి, మా తాతయ్యే అందట. క్లాసంతా చప్పట్లు. అది చెప్పేటప్పుడు దాని మొహం వెలిగిపోతోంది. నాకేమో తల ఎక్కడ పెట్టుకోవాలో తెలియక, అన్నం పెట్టమని కసిరాను. అక్కడితో ఊరుకుందా అంటే లేదు, వచ్చే వారం కాలేజీవాళ్లు మనింటికొచ్చి నీ చేత మాట్లాడించి వీడియో తీస్తారట, ఒప్పేసుకున్నాను తాతా అంది.

ఆ వారం రోజులూ నాకు సరిగ్గా నిద్ర లేదు. అందుకే ఇది రాస్తున్నాను. నా రాతలో తప్పులుంటే దిద్దుకుని చదవండి, నాకు అక్షరాలు నలభై దాటాక వచ్చినవి.

నా ఈడువాళ్లకు మా ఇళ్ల సంగతి వివరించక్కర్లేదు. మా అమ్మ ఆ జిన్నింగు మిల్లులోనే దూది మోసేది. నేను ఉయ్యాలలో ఉండగానే దగ్గుతో పోయింది. నాన్న సంగతి చెప్పుకోదగ్గది కాదు. నన్ను పెంచింది మా అక్క. మిరపకోతలకు వెళ్తూ నన్ను చంకనేసుకుని పోయి, చేను గట్టు మీద గోనెపట్టా పరిచి పడుకోబెట్టి, కారం చేతులతో నన్ను తాకకూడదని మోచేతులతో జోకొట్టేదట. బడి లేదు. కాస్త పెద్దయ్యాక టౌనులో ఒక ఫోటో స్టూడియోలో ఊడ్చే పనికి కుదిరి, ఫోటోలు కడగడం, లైటు పట్టడం నేర్చుకుని, వీడియోలొచ్చిన కాలానికి కెమెరా భుజానికెత్తుకున్నాను. అక్షరం రాదు గనక క్యాసెట్ల మీద బొమ్మలు గీసుకునేవాణ్ణి, పెళ్లికి తాళిబొట్టు, మా చర్చి పండగలకు సిలువ, పుష్పవతి ఫంక్షనుకు జడ. ఆ బొమ్మల పుణ్యమా అని ఒకరి పెళ్లి క్యాసెట్ ఇంకొకరికి ఏనాడూ ఇవ్వలేదు.

ఇన్ని వేల మొహాలు తీసినవాణ్ణి, మా అమ్మ మొహం మాత్రం ఎరగను. ఆమెకు ఫోటో లేదు. ఆ రోజుల్లో కూలివాళ్లకు ఫోటో ఎవడు తీశాడు? అక్క ఒక్కతే ఆమెను ఎరుగును. నాకు గడ్డం గీసుకునే వయసొచ్చినప్పటి నుంచీ, నీ గడ్డం అమ్మదేరా అనేది. అద్దంలో గడ్డం చూసుకుని, మిగతాది ఎలా ఉండేదో అనుకునేవాణ్ణి. నాకున్న అమ్మ అంతే.

వీడియో పనిలో నాకొక పేరుండేది. పెద్దమనుషులు పెళ్లికొస్తుంటే కెమెరా గేటు దాకా ఎదురెళ్లాలి, వాళ్ల మొహం తెరలోంచి జారిపోకుండా వెనక్కి నడుస్తూ, కుర్చీలో కూర్చునేదాకా తీసుకురావాలి. ఇది మా వృత్తిలో శాస్త్రం లాంటిది. తాళి కట్టేది తప్పిపోయినా పెళ్లివారు క్షమిస్తారేమో గానీ, పెద్దాయన రావడం పడకపోతే స్టూడియో మీదికి కొట్లాటకొచ్చేవారు. ఆ వెనక్కి నడవడంలో నన్ను మించినవాడు గుంటూరు నుంచి చీరాల దాకా లేడని చెప్పుకునేవాళ్లు. మెట్లు ఎక్కేవాణ్ణి, పందిరి గుంజలు తప్పించుకునేవాణ్ణి, మురిక్కాలవ దాటేవాణ్ణి, ఒక్కసారి తల తిప్పకుండా. పాదాలకే కళ్లున్నాయని మా స్టూడియో ఓనరు అందరి ముందూ అనేవాడు. నాకు అదొక పతకం.

అలాంటి రోజుల్లో ఒక డ్రాయింగు మాస్టారు నన్ను వెతుక్కుంటూ వచ్చారు. సన్నగా, ఎప్పుడూ చొక్కా జేబుకు సిరా మరకతో ఉండేవారు. ఆయన పని ఏమిటంటే, ఇప్పుడు బతికి ఉండి బొమ్మలు వేస్తున్నవాళ్లనీ, శిల్పాలు చెక్కుతున్నవాళ్లనీ పిలిచి, విద్యార్థుల ముందు మాట్లాడించి, దాన్ని వీడియో తీసి, బొమ్మల టీచరు లేని కాలేజీలకు క్యాసెట్లు పంపడం. మంచిపనే. నాకు మాత్రం అర్థం కాలేదు. మొదటిసారి ఒక శిల్పి ఉపన్యాసానికి తీసుకెళ్తే, నేను శాలువాలు తీశాను, దండలు తీశాను, ముందు వరసలో కూర్చున్నవాళ్లను ఒక్కొక్కరినీ వదలకుండా తీశాను, టిఫిన్లు వడ్డించడం కూడా తీశాను. శిల్పిని మైకు దగ్గర నిలబడ్డప్పుడు కాసేపు తీశాను. మాస్టారు స్టూడియోలో ఆ క్యాసెట్ వేసి చూసి, నవ్వాలో ఏడవాలో తెలియక, ఏమయ్యా, పెళ్లికూతురు ఏదీ అని అడిగారు. స్టూడియో అంతా నవ్వింది. నేనూ నవ్వాను గానీ చెవులు కాలిపోయాయి.

ఆయన ఓపిక గొప్పది. నా బదులు ఇంకొకణ్ణి పెట్టుకోకుండా, పక్కన కూర్చోబెట్టుకుని నేర్పారు. మాట్లాడే మనిషి చేతులు వదలకు, చేతులు ఎక్కడికి పోతే నువ్వు అక్కడికి పో, వచ్చేవాళ్లు వస్తారు పోయేవాళ్లు పోతారు, నీకు వాళ్లతో పనిలేదు అనేవారు. అలా కొన్ని ఉపన్యాసాలు తీసేసరికి నాకూ కాస్త తెలిసింది. కుంచె ఎలా పడుతుందో, గీత మధ్యలో మనిషి ఊపిరి ఎలా బిగబడుతుందో కెమెరాలోంచి చూస్తూ, ఇదేదో బాగుందే అనుకోవడం మొదలుపెట్టాను. మాస్టారు నన్ను అందరికీ మా కెమెరామాన్ అని పరిచయం చేసేవారు. అప్పటిదాకా నేను ఒరేయ్ వీడియో.

ఆ మిల్లులో కార్యక్రమం ఆ తర్వాతది. వచ్చిన చిత్రకారిణిని మేమంతా బొమ్మలమ్మ అనేవాళ్లం. పెద్ద చదువులు చదివి, ఊళ్లు తిరిగి, చివరికి కాన్వాసులు మానేసి నేల మీదే వేయడం మొదలుపెట్టిందట. పిడుగురాళ్ల సున్నం పొడి, పొయ్యి మసి, అంతే ఆమె సరంజామా. ముగ్గు వేసినట్టు రెండు వేళ్ల మధ్యనుంచి పొడి వదులుతూ మనిషి మొహం దింపేది. సాయంత్రానికి తనే చీపురు పట్టి ఊడ్చేసేది. ఉంచుకోవడానికి కాదు, ఉన్నంతసేపూ చూడటానికి అని చెప్పేది. అందుకే మాస్టారు నాతో, ఇది ఒక్కసారే జరుగుతుంది, నీ క్యాసెట్‌లో మిగిలిందే మిగిలేది అని ఒకటికి పదిసార్లు చెప్పారు.

ఆమె అనుకున్నది ఇదీ. ఆ మిల్లులో పనిచేసి పోయిన ఆడవాళ్లలో ఫోటో లేనివాళ్ల మొహాలను, వాళ్లను ఎరిగినవాళ్లు చెబుతుండగా, మిల్లు నేల మీదే వేయాలి. వేస్తూ చుట్టూ కూర్చున్న విద్యార్థులకు తన పని గురించి చెప్పాలి. నేను ఈ కబురు ఇంట్లో చెప్పగానే, మిరపకాయలు తొడిమలు తీస్తున్న మా అక్క చేతిలోది కింద పెట్టేసింది.

“అయితే అమ్మను వేయిద్దాంరా.”

“నీకు గుర్తుందా అంతా?”

“గుర్తుందా అంటావేందిరా? కళ్లు మూసుకుంటే ఎదురుగా నిలబడిద్ది. నువ్వు మాత్రం ఆ మిషను ఇటూ అటూ తిప్పమాక. అమ్మ పడేటప్పుడు అమ్మనే తియ్యి. నీక్కూడా చూసుకోవడానికి ఉంటది.”

సరే అన్నాను. ఆ మాటకు నేను సరే అన్నాను.

ఆ పొద్దున మిల్లు చూస్తే ముచ్చటేసింది. కప్పు రేకులు ఊడిపోయిన చోట్ల నుంచి ఎండ పలకలు పలకలుగా నేల మీద పడుతోంది. మాస్టారు నేల మధ్యంతా బొమ్మలకు వదిలేసి, నడిచేవాళ్లు గోడవారగా నడవండని అందరికీ చెప్పి, విద్యార్థులను చుట్టూ కూర్చోబెట్టారు. బొమ్మలమ్మ గొంతుక్కూర్చుని, వేస్తూ మాట్లాడుతోంది. ఒక్కో మొహానికీ ఆ మనిషి తాలూకువాళ్లు వచ్చి పక్కన కూర్చుని చెబుతున్నారు. ఒకామె తన అత్త గురించి, ముక్కు పెద్దదమ్మా, నోరు ఇంకా పెద్దది, వాళ్ల అబ్బాయిని నా మాట విననిస్తేనా అంటే పిల్లలంతా నవ్వారు. మొహం పూర్తయ్యాక బొమ్మలమ్మ కింద పేరు రాసేది. నేను చేతులు వదలలేదు. సున్నం రాలడం, మసి అద్దడం, చెప్పేవాళ్ల వేళ్లు గాలిలో బొమ్మ గీయడం, అన్నీ తీశాను. ఆ పొద్దున నేను మాస్టారు కోరుకున్న కెమెరామాన్‌ని.

అక్క వంతు వచ్చింది. ఉతికిన చీర కట్టుకొచ్చింది. నుదురు వెడల్పమ్మా, కనుబొమలు కలవవు, చెవికి ఇత్తడి కమ్మ, నవ్వితే ఎడంపక్కకే నవ్వుద్ది అని మొదలుపెట్టింది. బొమ్మలమ్మ చెవి వేసింది. కమ్మ వేసింది. ఒక కనుబొమ గీసింది. అదిగో, అప్పుడే గేటు దగ్గర కారు హారను మోగింది.

వచ్చింది మిల్లు యజమాని. మిల్లు మూసేసి ఏళ్లయినా తాళం ఆయనదే. మాస్టారు అడగ్గానే కాదనకుండా ఇచ్చాడు. వస్తే రావచ్చు అన్నారే గానీ, ఆయన్ను ముఖ్య అతిథి అని ఎవరూ అనలేదు. కానీ ఆ హారను నా చెవిన పడగానే నా భుజం తనంతట తనే తిరిగింది. నేను అనుకుని తిప్పలేదు, అనుకోవడానికి వ్యవధే లేదు. లైటు పట్టుకునే మనిషికి సైగ చేసి గేటుకు పరిగెత్తాను. అక్కడ ఆయన కారు దిగడం తీశాను, ఆయన వెంట వచ్చినవాళ్లను తీశాను, ఎవరో నిమ్మకాయ చేతిలో పెడితే అది తీశాను, కూలివాళ్ల పిల్లలు నమస్కారం పెడితే ఆయన వాళ్ల తల నిమరడం తీశాను. ఇదంతా అయ్యేసరికి లోపల మా అమ్మ మొహం పూర్తయింది. బొమ్మలమ్మ కింద పేరు కూడా రాసేసి, పక్కకు జరిగి ఇంకొకామెను మొదలుపెట్టిందట. అక్క ఆ మొహాన్ని చూసి, ప్రార్థనకు కూర్చున్నట్టు కొంగు తల మీదికి లాక్కుని అక్కడే ఉండిపోయిందట. ఇవన్నీ తర్వాత మాస్టారు చెబితే తెలిసినవి. నేను చూడలేదు.

ఇక నడక మొదలుపెట్టాను. పెద్దమనిషిని గోడవారగా నడిపించడం మా వృత్తిలో లేదు. హాలు ఏదైనా మధ్యదారే ఆయనది. నేను వెనక్కి, ఆయన ముందుకు, నా వెనక లైటు మనిషి, వాడి వెనక పాములా ఈడ్చుకొచ్చే వైరు. కాళ్ల కింద మెత్తగా జారింది. మిల్లు గదా, దుమ్ము అనుకున్నాను. విద్యార్థులు గోల చేస్తే, పెద్దాయనను చూసి అనుకున్నాను. యజమాని ఒకచోట ఆగాడు. అది నేను మరచిపోను. ఆయన ఆగాడు. కిందికి చూసి, ఏదో ముగ్గేసినట్టున్నారయ్యా, పక్కనుంచి రానా అని అడిగాడు.

నేను కెమెరాలోంచి కన్ను తీయకుండా, “రండి సార్, ఏం ఫర్లేదు రండి” అన్నాను.

ఆయన వచ్చాడు. నా వెనకనుంచి మా అక్క గొంతు వినిపించింది, “ఒరేయ్! అమ్మరా! కాళ్ల కింద అమ్మరా!” అని. ఆ కేక కూడా నాకు అర్థమయ్యేలోపు మూడు నాలుగు అడుగులు పడ్డాయి. పాదాలకే కళ్లున్నవాణ్ణి కదా.

కెమెరా దించి చూస్తే, నేను వచ్చిన దారంతా ఒక తెల్లటి మరక. నా బూటు పడని చోట యజమాని చెప్పు పడింది, అదీ పడని చోట వైరు తుడిచింది. యజమాని పాపం ఎర్రబడి, చెప్పులు విప్పి చేత్తో పట్టుకుని గోడ దగ్గరికి వెళ్లి నిలబడ్డాడు.  నేను మోకాళ్ల మీద కూర్చుని, చెదరగా మిగిలిన పేర్లలో మా అమ్మ పేరు ఏదో వెతికాను. చదవడం వస్తే కదా. అక్కను అడిగితే దానికీ రాదు. ఇద్దరం, గడ్డం నెరుస్తున్న వయసువాణ్ణి నేను, నాకు తల్లిలాంటిది అది, మాస్టారి ముందు నిలబడి, మా అమ్మ పేరు ఎక్కడుందండీ అని అడిగాం. అంతమంది పిల్లలు చూస్తుండగా ఆయన వంగి వేలు పెట్టి చూపించారు. ఆ వేలి దగ్గర ఒక చెవి, కమ్మ, దాని పక్కన నా మడమ గుర్తు.

మళ్లీ వేస్తాను చెప్పమ్మా అంది బొమ్మలమ్మ. అక్క చెప్పింది. అవే మాటలు చెప్పింది, నుదురు వెడల్పు, ఎడంపక్క నవ్వు, అన్నీ. ఈసారి నేను అక్కడినుంచి కదల్లేదు, సున్నం రేణువు కూడా వదలకుండా మొదటి నుంచి చివరిదాకా తీశాను. బొమ్మ అందంగా వచ్చింది. అక్క చూసి, బాగుందమ్మా అని దండం పెట్టింది. ఈసారి కొంగు తల మీదికి లాక్కోలేదు. ఇంటికి నడిచొస్తుంటే నల్లపాడు గేటు పడింది. గూడ్సు బండి పోయేదాకా ఇద్దరం నిలబడ్డాం. ఆ మోతలో అక్క నా వైపు తిరక్కుండా అంది, “బాగానే ఉందిరా. ఆమెవరో గానీ, బాగుంది.”

ఒకసారి చెప్పినప్పుడు వచ్చిన మనిషి రెండోసారి చెబితే రాలేదు. అంతే. ఆ తర్వాత అక్క మా అమ్మ పోలికలు నాకు ఏనాడూ చెప్పలేదు. నేనూ అడగలేదు, ఏ మొహం పెట్టుకుని అడగను? అంతమాత్రాన ఊరుకునే మనిషి కాదు లెండి. వీధిలో ఎవడైనా కాస్త తెల్లబట్టలు కట్టుకుని వస్తే చాలు, నలుగురిలోనూ, “ఒరేయ్, పెద్దోళ్లొస్తన్నారు, వెనక్కి నడువు” అనేది. అంతా నవ్వేవాళ్లు. నేనూ నవ్వేవాణ్ణి. పోయే ముందు ఏడాది కూడా ఆ మాట అంది.

క్యాసెట్ తయారుచేసేటప్పుడు మాస్టారు నన్ను పక్కన కూర్చోబెట్టుకున్నారు. ఆ నడక తీసేద్దామంటే బొమ్మలమ్మ వద్దందట, జరిగింది జరిగినట్టు ఉంచండి అందట. అందులో నా గొంతు గణగణలాడుతూ వినిపిస్తోంది, రండి సార్ ఏం ఫర్లేదు అని. దాని మీద అక్క కేక. మాస్టారు రెండుసార్లు విని, నా మొహం చూసి, ఆ గొంతులు తీసేసి వీణ పెట్టారు. నా పరువు కాపాడాలని చేశారు, ఆయన మంచితనం అది. నేను వద్దనలేదు, లోపల సంతోషించాను కూడా. ఆ వీణే ఇన్నేళ్లు నా గొంతు నొక్కింది. యజమాని ఆగి అడిగిన మాట కూడా దానితోనే పోయింది. తెర మీద చూసేవాళ్లకు నవ్వుకుంటూ తొక్కుకొచ్చిన మనిషి ఆయన. జాగ్రత్తగా చూస్తే తెలుస్తుంది, తెరలోకి వచ్చే ప్రతి మొహమూ అప్పటికే నా కాళ్ల కింద పడి చెదిరి వచ్చినదే. ఆయన తొక్కడానికి అక్కడ ఏమీ మిగల్లేదు. కానీ నా కాళ్లు తెరలో ఉండవు కదా. తీసేవాడు ఎప్పుడూ తెరలో ఉండడు.

ఆ ఏడే నేను సండే స్కూల్లో చేరాను. నవ్వకండి. పాస్టరమ్మగారి దగ్గర, ముక్కులు కారే పిల్లల మధ్య, మడత పడని మోకాళ్లతో చాప మీద కూర్చుని అక్షరాలు దిద్దాను. పిల్లలకు ఆ అంటే ఆకాశం, ఇ అంటే ఇల్లు అని నేర్పుతుంటే, నాకు ముందు మా అమ్మ పేరు నేర్పండమ్మా అన్నాను. ఆమె ఎందుకని అడగలేదు. ఇప్పుడు పేపరు చదువుతాను, బైబిల్లో వాక్యం చదువుతాను, ఇదిగో ఇలా రాస్తున్నాను. ఆ పేరు మాత్రం ఎక్కడైనా, వేరే ఎవరిదైనా, గోడ మీద కనబడినా ఇప్పటికీ అడుగు పక్కకు వేస్తాను.

ఇక కాలేజీవాళ్ల సంగతి. చెప్పినట్టే వచ్చారు. మా కాలంలో కెమెరా మోయడానికి ఒకడు, లైటుకు ఒకడు, వైరుకు ఒకడు. వీళ్లు వచ్చింది అరచేతిలో పట్టే కెమెరాతో, ఒక్క అమ్మాయి. మనవరాలి ఈడే, దాని క్లాసే. నన్ను వరండాలో కుర్చీలో కూర్చోబెట్టి, చొక్కాకు చిన్న మైకు గుచ్చి, తాతగారూ, యజమాని చేత బొమ్మల మీద నడిపించాలన్న ఆలోచన బొమ్మలు వేసిన మేడమ్‌దేనా, మీకు ముందే చెప్పారా అని అడిగింది. మనవరాలు తలుపు దగ్గర నిలబడి గర్వంగా నన్నే చూస్తోంది.

వారమంతా రెండు రకాలుగా చెప్పి చూసుకున్నాను నాలో నేను. అవునమ్మా అంటే ఒక్క మాటతో పోతుంది. నోరు తెరిచాక మాత్రం ఆ మాట రాలేదు. కాదమ్మా, ఎవరూ ఏమీ అనుకోలేదు, ఆ తొక్కింది నేను అని మొదలుపెట్టాను. అక్క సంగతి, నా గడ్డం అమ్మదని అది అనడం చెప్పాను. హారను సంగతి చెప్పాను. మా అమ్మ అనుకుని మీరు చూస్తున్న, రెండోసారి వేసిన ఆ పూర్తి బొమ్మ మా అమ్మది కాదు, ఎవరిదో నాకు తెలియదు అని చెప్పాను. మనవరాలి మొహం వాడిపోవడం కనిపిస్తూనే ఉంది. అయినా ఆపలేదు. యజమాని ఆగి, పక్కనుంచి రానా అని అడిగితే, నేనేమన్నానంటే, అంటూ ఆ మాట దాకా వచ్చాను.

సరిగ్గా అప్పుడు మా గేటు చప్పుడైంది. వాళ్ల ప్రిన్సిపాల్‌గారు, చూసిపోదామని వచ్చారట, వెంట ఇంకో ఇద్దరు. ఇస్త్రీ చొక్కా, నల్ల బూట్లు. నేను లేచి నిలబడ్డాను. చేతులు వాటంతటవే జోడించుకున్నాయి. కుర్చీ వెనక్కి పడింది, మైకు వైరు పట్టుకుని చొక్కా గుండీ తెగింది. చెబుతున్న మాట నోట్లోనే ఉండిపోయింది. ఇంత వయసొచ్చి, ఇంత సిగ్గుపడి, వారం రోజులు నిద్ర మానుకుని, చివరికి ఏ మాట చెప్పడానికి కూర్చున్నానో ఆ మాట మధ్యలో ఆపేసి, వచ్చినవాడికి ఎదురు లేచాను.

ఆ అమ్మాయి మాత్రం తిరగలేదు. గేటు చప్పుడు దానికీ వినిపించింది. వచ్చింది దాని కాలేజీ ప్రిన్సిపాలు, మార్కులు ఆయన చేతిలో ఉంటాయి. అయినా కెమెరా వెంట్రుకవాసి కదల్లేదు, నా మీదే ఉంది. ఎడం చేత్తో ఆయనకు ఆగండి అన్నట్టు సైగ చేసి, నా వైపు చూస్తూ, కూర్చోండి తాతగారూ, మీరేమన్నారు అంది. ఆయన వెంటబెట్టుకొచ్చిన ఇద్దర్నీ ఆపి, బూట్లు చప్పుడు కాకుండా గేటు దగ్గరే నిలబడిపోయారు.

నేను కూర్చున్నాను. ఆ మాట చెప్పాను.

అయిపోయాక అమ్మాయి ఆ చిన్న తెర మీద నాకు చూపించింది. ఒక ముసలోడు మాట మధ్యలో లేచి, ఎవరూ కనిపించని వైపు తిరిగి, వంగి దండం పెడుతున్నాడు.  ఇన్నాళ్లూ తెరలో పడని నా కాళ్లు, ఇప్పుడు పడ్డాయి అనుకున్నాను. మా తరంవాళ్లం చాలామందిమి ఇలాగే తయారయ్యాం, హారను ఎటు మోగితే అటు తిరిగే మెడలతో. ఇప్పుడు జేబుజేబుకూ కెమెరా ఉంది, అమ్మ ఫోటో లేని పిల్లాడు మా పేటలో ఒక్కడు కూడా లేడు. కెమెరాలు పెరిగినందుకు నాకేమీ ఆశ్చర్యం లేదు. ఆ పిల్ల తిరక్కుండా నిలబడగలిగిందే, అది ఎక్కడ నేర్చుకుందా అని మాత్రం ఇంకా ఆలోచిస్తూనే ఉన్నాను. మా మాస్టారు ఉంటే చూసి సంతోషించేవారు.

మనవరాలు వచ్చి పక్కన కూర్చుని, నా గడ్డం వైపు చూసింది. అమ్మాయి సామాను సర్దుకుంటూ, మీరు లేచి నిలబడ్డది బాగాలేదు తాతగారూ, కట్ చేసి పైన ఏదైనా సంగీతం పెట్టనా అని మర్యాదగా అడిగింది.

వద్దమ్మా, అలాగే ఉండనీ, వీణ మాత్రం పెట్టొద్దు అన్నాను.